బర్లెస్క్‌లో పెద్ద వాటా నవ్వించనివాడిది

అమెరికన్ బర్లెస్క్ అంటే హాస్యం, నాట్యం కలిపి హాళ్ళలో ఆడిన ప్రదర్శన. ఆ పేరు అనగానే నర్తకి జిప్సీ రోజ్ లీ, బట్టలు విప్పే నాట్యాలే గుర్తొస్తాయి. అయితే ఒక నాట్యానికీ మరో నాట్యానికీ మధ్య హాలును పట్టి ఉంచింది హాస్యగాళ్ళు. నాకు వాళ్ళ పనితనమే ముఖ్యం.

వాళ్ళ సరుకు 'బిట్', అంటే చిన్న హాస్య సన్నివేశం. ఎవరి సొత్తూ కాదు, నోటి నుంచి నోటికి పాకేది. పాత్రధారులు ఇద్దరు: వెర్రిమొహం వేసే కామిక్, శుభ్రంగా సూటు వేసుకున్న స్ట్రెయిట్ మ్యాన్. బండి తోలేది రెండోవాడే. నవ్వు పూర్తిగా చల్లారాక ప్రశ్న అందిస్తే జనాన్ని మళ్ళీ మొదటి నుంచి వేడెక్కించాలి. నవ్వు పైనుండగానే అందిస్తే మాట వినపడదు. అది దిగడం మొదలైన క్షణమే అందించాలి. కామిక్ దారితప్పితే లాక్కొచ్చేదీ అతనే. అందుకే అబాట్, కాస్టెల్లో అనే హాస్య జంట సంపాదనలో మొదట్లో 60 శాతం స్ట్రెయిట్ మ్యాన్ అబాట్‌ది, 40 కాస్టెల్లోది.

1938లో కేట్ స్మిత్ రేడియో షోలో వాళ్ళు దేశానికి వినిపించిన బేస్‌బాల్ బిట్ కూడా ఈ సరుకే. మొదటి బేస్ ఆటగాడి పేరు 'హూ', అంటే 'ఎవరు'. 'ఎవరు?' అని అడిగితే 'అవును' అనే జవాబు. అంతకుముందే వాట్ (అంటే 'ఏమిటి') అనే వీధిలో దుకాణం, హూ అనే యజమాని ఉన్న బిట్లు బర్లెస్క్‌లో ఆడేవి.

చిన్న స్కిట్లను 'బ్లాకవుట్' అనేవారు. చివరి మాట పడగానే లైట్లు ఆరిపోవాలి. లైట్ల మనిషి కాస్త ఆలస్యం చేశాడా, నటులు దిక్కులు చూస్తూ నిలబడతారు, నవ్వు చస్తుంది.

1937లో మేయర్ లాగార్డియా హయాంలో లైసెన్సుల కమిషనర్ పాల్ మాస్ న్యూయార్క్ బర్లెస్క్ హాళ్ళకు రెన్యువల్ ఇవ్వలేదు. తర్వాత కొన్ని తెరుచుకున్నా 'బర్లెస్క్' అనే మాటా, ఆ హాళ్ళు నడిపిన మిన్స్కీ సోదరుల పేరూ బోర్డు మీద పెట్టకూడదన్నారు. 1942లో అవీ మూతపడ్డాయి. బోస్టన్‌లో ఓల్డ్ హోవార్డ్ అనే హాలు ఇంకా ఆడింది, అక్కడి సెన్సారు కోసం కత్తిరించిన 'బోస్టన్ వెర్షన్'తో. 1953లో పోలీసులు రహస్యంగా షోను ఫిల్ము తీసి దాన్నీ మూయించారు. ఖాళీ హాలు 1961లో కాలిపోయింది. అప్పటికి, మిన్స్కీల దగ్గర బిట్లు ఆడిన ఫిల్ సిల్వర్స్ టీవీలో సార్జెంట్ బిల్కోగా నాలుగేళ్ళు ఆడేశాడు.