316 అని ఎందుకు రాశాం?

చెన్నైలోని మన గిండీ ఇంజనీరింగ్ కాలేజీ హాజరుపట్టీలో ఇనిషియల్ అనేది తమిళులకు తండ్రి పేరు, మనకు ఇంటిపేరు. మన కాలేజీలోనే చదివిన కె.ఎల్.రావు గారి పేరులో 'కె' అంటే కానూరి, 'ఎల్' అంటే లక్ష్మణ. చెన్నైలో రెండు తరాలుగా ఉంటున్న కొన్ని తెలుగు ఇళ్లు ఇక్కడి పద్ధతికి మారి, ఇంటిపేరే వదిలేసుకున్నాయి. అక్షరం ఉంటుంది, అది దేనికి నిలబడిందో చెప్పేవాళ్లుండరు.

డ్రాయింగులదీ ఇదే రోగం. ఎన్నూరు వైపు, సముద్రం పక్కన ఒక పంపు షెడ్డుకు బ్రాకెట్ గీశామనుకుందాం. మెటీరియల్ గడిలో 'ఎస్ఎస్ 316ఎల్' అని ఉంటుంది, అంటే స్టెయిన్‌లెస్ స్టీలులో ఒక రకం. కొన్నాళ్లకు కొనుగోలు విభాగంవాళ్లు, 304 రకం చవక, రెండూ స్టెయిన్‌లెస్సే కదా అని మార్చేస్తారు. వాళ్లను తిట్టి లాభం లేదు, డ్రాయింగు వాళ్లకేం చెప్పింది గనక? 316లో 2 నుంచి 3 శాతం మాలిబ్డినం ఉంటుంది. ఉప్పుగాలిలోని క్లోరైడు లోహానికి గుంటలు పెట్టకుండా కాచేది అదే. 304తో అయితే ముందు టీ మరకల్లాంటి చారలు, తర్వాత వాషర్ కింద, గాలాడని సందుల్లో గుంటలు. ఇక చివరి 'ఎల్' కూడా ఒక ఇనిషియలే: కార్బన్ 0.03 శాతం మించదని. కార్బన్ ఎక్కువుంటే వెల్డింగ్ వేడికి, తుప్పును ఆపే క్రోమియంను లాక్కుని లోహపు రేణువుల అంచుల్లో కార్బైడుగా పేరుకుంటుంది. ఆ పక్కన క్రోమియం పలచబడి తుప్పు అక్కడే మొదలవుతుంది. అదే బ్రాకెట్‌ను వెల్డింగ్ లేకుండా బోల్టులతో బిగిస్తే 'ఎల్' అక్కర్లేదు. కారణం రాసి ఉంటే, ఎక్కడ తగ్గించవచ్చో కూడా తెలిసేది.

కారణాలు రాసిపెట్టే పద్ధతులు లేకపోలేదు. 1970లో రిట్టెల్, కుంజ్ ప్రతిపాదించిన ఐబిస్ (ఇష్యూ బేస్డ్ ఇన్ఫర్మేషన్ సిస్టమ్) పద్ధతిలో ప్రశ్న, జవాబులు, ఒక్కో జవాబుకు అటూ ఇటూ వాదాలు వరుసగా పేరుస్తారు. చర్చకు బాగుంటుంది గానీ పని ఒత్తిడిలో ఎవరూ నింపరు. రాసే శ్రమ ఇవాళ్టివాడిది, లాభం రేపు వచ్చేవాడిది మరి! 2011లో మైకేల్ నైగార్డ్ సాఫ్ట్‌వేర్ వాళ్లకు చెప్పిన ఒకటి రెండు పేజీల చీటీ నయం: శీర్షిక, స్థితి, సందర్భం, నిర్ణయం, పర్యవసానాలు. నన్నడిగితే ఇంకో రెండు వరుసలు కలపాలి. కాదన్నది ఏది, ఎందుకు. ఏది మారితే మళ్లీ చూడాలి. 'షెడ్డు తీరానికి దూరంగా వెళ్తే 304 పరిశీలించాలి', ఇంతే. నిర్ణయమైన రోజే రాయాలి. నెల పోయాక రాసేది కారణం కాదు, సమర్థన. చీటీ నంబరు డ్రాయింగు మీదే ఉండాలి, వేరే ఫోల్డర్లో దాస్తే లేనట్టే. పాతదాన్ని దిద్దకుండా 'రద్దు' అని వేసి కొత్త నంబరు చూపాలి.

పెంటయ్య అన్న పేరు చూడండి. పుట్టిన బిడ్డలు దక్కని ఇంట్లో, తర్వాతి బిడ్డను పెంటకుప్ప మీద పెట్టి తెచ్చుకుని, ఎవరికీ అక్కర్లేనివాడని మృత్యువును ఏమార్చడానికి పెట్టిన పేరది. పుల్లయ్యా అంతే, పుల్లాకు అంటే ఎంగిలి విస్తరి. ఎంత బతిమాలుకుని పెట్టుకున్న పేర్లో! సంగతి తెలియని మనవడు మాత్రం దరఖాస్తు నింపేటప్పుడు తాత పేరు దగ్గర సిగ్గుపడతాడు.

జనన ధ్రువపత్రంలో పేరుకు గడి ఉంది, కారణానికి లేదు. బారసాల కార్డు వెనక ఖాళీయే కదా, అక్కడ రాయండి: పేరు ఎవరు పెట్టారు, ఏ మొక్కు, ఏ పేరు వద్దనుకున్నారు, తేదీ.