జవాబు రాని దరఖాస్తు

మా మేనమామ గాజువాక నుంచి పరవాడ కర్మాగారాలకు షిఫ్టు కార్మికులను చేరవేసే మినీ బస్సు నడుపుతారు. 5 ఏళ్ల పర్మిట్ గడువు దగ్గరపడుతుండగా, 1988 నాటి మోటారు వాహనాల చట్టం 81వ సెక్షన్ కోరినట్టు 15 రోజులకు ముందుగానే రెన్యువల్‌కు దరఖాస్తు పెట్టి, రుసుము కట్టి, రసీదు తెచ్చుకున్నారు. ఆ తరువాత ఎన్నిసార్లు రవాణా కార్యాలయానికి తిరిగినా ఫైలు పరిశీలనలో ఉందన్న మాటే తప్ప మరో మాట వినిపించలేదు. నిర్ణయం తేలేలోపు 87వ సెక్షన్ కింద తాత్కాలిక పర్మిట్ దొరికింది గానీ, అది 4 నెలలకు మించి ఇచ్చేది కాదు. అదీ అయిపోయాక బస్సు ఇంటి ముందు ఆగిపోయింది. ఉప్పుగాలికి తలుపు అంచులు తుప్పు పట్టాయి, బ్యాటరీ దిగిపోయింది, ఫైనాన్సు వాయిదా మాత్రం నెల తప్పకుండా వచ్చేది.

పర్మిట్ ఇవ్వబోమని కాగితం మీద రాసి ఇచ్చి ఉంటే ఆయనకు ఇంతకన్నా మేలు జరిగేదని నా గట్టి నమ్మకం. తిరస్కరిస్తే 89వ సెక్షన్ కింద రాష్ట్ర రవాణా అప్పీళ్ల ట్రిబ్యునల్‌కు వెళ్లవచ్చు. అవుననీ కాదనీ చెప్పకుండా ఊరుకుంటే దేని మీద అప్పీలు చేస్తాం? పర్మిట్ దరఖాస్తును సాధారణంగా నిరాకరించరాదని 80వ సెక్షనే చెబుతోంది. కొత్తవారికి ధారాళంగా పర్మిట్లు ఇస్తున్నారని పాత ఆపరేటర్లు అభ్యంతరం చెప్పినప్పుడు, 1991లో మిథిలేశ్ గార్గ్ కేసులో సుప్రీంకోర్టు ఆ వాదనను తోసిపుచ్చి, ఈ ఉదార విధానాన్నే సమర్థించింది. అంత ఉదారమైన చట్టం కింద పెట్టిన దరఖాస్తు బీరువాలో మూలగడం నాకు ఎంతమాత్రం మింగుడుపడలేదు.

చివరికి న్యాయవాది సలహాపై రాజ్యాంగం 226వ అధికరణం కింద అధికారులు చేయాల్సిన పని చేసేలా ఆదేశించమని కోరే రిట్ పిటిషన్‌ను అమరావతిలోని హైకోర్టులో వేశాం. కోర్టే పర్మిట్ ఇప్పిస్తుందని మామయ్య ఆశపడ్డారు. అయితే ఆ నిర్ణయాధికారాన్ని చట్టం రవాణా అధికారికి అప్పగించింది కనుక, న్యాయస్థానం సాధారణంగా ఆయన కుర్చీలో కూర్చోదు. మంచిచెడ్డల జోలికి పోకుండా, ఉత్తర్వు ప్రతి అందిన 4 వారాల్లోగా చట్టప్రకారం నిర్ణయం తీసుకోవాలని మాత్రమే ఆదేశించింది. చూడటానికి చిన్న ఉత్తర్వే అయినా, నెలల తరబడి తేదీ అన్నదే లేని ఫైలుకు అది ఒక తేదీ తెచ్చింది. ఆ గడువు దాటితే కోర్టు ధిక్కారం కింద పిటిషన్ వేయవచ్చు, అదీ ఏడాదిలోపే వేయాలి. అందుకే ధ్రువీకరించిన ప్రతిని స్వయంగా ఇచ్చి, మన దగ్గర ఉంచుకునే ప్రతి మీద తేదీతో సహా ముద్ర వేయించుకోవడం అత్యవసరం. 4 వారాలు అక్కడి నుంచే లెక్కకు వస్తాయి.

నాలుగో వారంలో పర్మిట్ చేతికి వచ్చింది. మామయ్య కొత్త బ్యాటరీ వేయించి పరవాడ వెళితే, ఆ కంపెనీ వారు అప్పటికే వేరే బండి మాట్లాడుకున్నారని గేటు దగ్గరే చెప్పారు. ప్రస్తుతం ఆయన పెళ్లి బేరాలకు తిప్పుతూ, మరో కంపెనీ షిఫ్టు కోసం వెతుక్కుంటున్నారు.