అకతొంబొలో ఆ ఒక్క సున్న

82.317. కరావొకె మెషిన్ (వాయిద్యం అది వినిపిస్తుంది, పాట మనం పాడాలి) ఇవాళ నాకు వేసిన మార్కులివి. నిన్నటి మీద ఒకటిన్నర మార్కు పెరిగింది. అయినా మైకు బుట్టలో పడేసి విసురుగా బయటికొచ్చేశాను. నాలుగు చరణాల పాటలో ఆరు రోజులుగా నన్ను ఏడిపిస్తున్నది ఒకే ఒక్క అర బీటు. తెర మీద ఒక్కో స్వరానికి ఒక్కో గీత ఉంటుంది, సరిగ్గా పాడితే రంగుతో నిండుతుంది. అన్ని గీతలూ నిండుతాయి, ఆ చిన్న గీత దగ్గరికొచ్చేసరికి మాత్రం ఖాళీ. మళ్ళీ నాలుగో చరణంలో అదే చోట అదే ఖాళీ.

పాట 'అకతొంబొ', అంటే ఎర్ర తూనీగ. మికి రొఫు 1921లో రాసిన కవితకి యమద కోసకు 1927లో వరస కట్టాడు. కోబెలో ఉద్యోగం చేస్తున్న తమ్ముడి దగ్గరికి మూడు వారాలకని వచ్చాను. కోటలూ గుళ్ళూ ఎలాగూ చూస్తాం, ఒక్క జపనీస్ పాటైనా సరిగ్గా నేర్చుకుని విమానం ఎక్కాలనేది నా పంతం. ఇదే ఎందుకంటే, మొదటిసారి వినగానే చెవికి తెలిసిపోయింది, ఇది మన మోహన రాగం. మ, ని రెండూ లేవు. వాళ్ళు ఈ వరసని 'యొననుకి' అంటారట, నాలుగూ ఏడూ తీసేసింది అని అర్థం. చిన్నప్పుడు విజయవాడలో మోహనంలో గీతం పాడి కొబ్బరికాయ కొట్టించుకున్న గొంతుకి ఇదొక లెక్కా అనుకున్నాను. పప్పులో కాలేశానని మొదటి రోజే తెలిసింది.

మొదటి ముక్క స్వరాల్లో ఇలా ఉంటుంది: మంద్రంలో ప, అక్కణ్ణుంచి స, స, రి, తర్వాత గ, ప, పై స, ద, ప. ఇదంతా సాఫీగా వచ్చింది. దాని వెనకే ద, స, స, రి, గ. ఈ ఐదు స్వరాల మీద అ, క, తొ, మ్, బొ. 'అ' పైన ద మీద ఉంటుంది, 'క' దగ్గర ఒక్కసారిగా స మీదికి దూకాలి. అందరూ భయపడేది ఆ దూకుడికే, నాకది రెండో పూటకే వచ్చేసింది. నా సమాధి 'మ్' దగ్గర ఉంది.

మొదట్లో నేను రోమన్ అక్షరాల్లో చూసి నేర్చుకున్నాను. అందులో 'న్' అని ఉంది కదా అని నాలుకని పళ్ళకి ఆనించి 'తొన్‌బొ' అన్నాను. ఇంకెప్పుడూ రోమన్‌లో చూసి పాట నేర్చుకోను. అదే తెలుగులో రాసుకుని ఉంటే సున్న పెట్టేదాన్ని, బ ముందు సున్న 'మ్' అవుతుందని మనకి ఎవరూ చెప్పక్కర్లేదు: కంబళి, అంబలి. పైగా మనకి హ్రస్వ ఎ, ఒ ఉన్నాయి. హిందీ లిపిలో రాసుకునేవాళ్ళకి ఆ సుఖం కూడా లేదు. ఇప్పుడు నోటుబుక్కులో మొత్తం తెలుగులోనే రాసుకున్నాను.

'తొంబొ' అని సరిగ్గా పలికినా గీత నిండలేదు. రికార్డింగు ఇంటికి తెచ్చి తమ్ముడికి వినిపించాను. వాడు రెండుసార్లు విని, "అక్కా, నువ్వు తూనీగ గురించి పాడట్లేదు, తొంభై గురించి పాడుతున్నావు. ఎర్ర తొంభై" అన్నాడు. అప్పటినుంచి ఇంట్లో నా పేరు తొంభై.

సరే అని కంప్యూటర్లో ఆడాసిటీ అనే సౌండు ప్రోగ్రాంలో వేసి అలలు సాగదీసి కొలిచాను. నిమిషానికి 60 బీట్ల దగ్గర పాడుతున్నాను, అంటే 'తొ'కి అర సెకను, 'మ్'కి అర సెకను రావాలి. నాది 'తొ' 0.83, 'మ్' 0.15. మొత్తం దాదాపు సరిపోయింది, కాబట్టి తాళం తప్పలేదు. పంపకమే తప్పింది. శ్రుతి ఇంకా ఘోరం. పాట కీ, అంటే ఆధార శ్రుతి, మూడు మెట్లు దించాక నా స పాశ్చాత్యుల 'సి' మీద, 262 హెర్ట్జ్ దగ్గర పడుతోంది. 'మ్' రి మీద, అంటే 294 దగ్గర నిలబడాలి. ట్యూనర్ 270, 268, 273 చూపించింది. అంటే స దగ్గరే మూతి మూసేసి, కొంచెం పైకి పాకి, రి చేరకముందే 'బొ'లో పడిపోతున్నాను.

రాత్రి పడుకున్నాక తట్టింది, ఇది చిన్నప్పుడు చదివిన ఛందస్సే. 'తొం' గురువు, రెండు మాత్రలు. జపనీస్ లెక్కలోనూ రెండే. తేడా ఎక్కడంటే, మనం పాడేటప్పుడు ఆ రెండో మాత్ర కూడా అచ్చుకే ఇచ్చేసి, సున్నని చివర్లో అలా తాకించి వదిలేస్తాం. వాళ్ళు రెండో మాత్ర సున్నకే రాసిచ్చేశారు, ఒక స్వరం కూడా ఇచ్చి కూర్చోబెట్టారు. తెలుగు పాటలో సున్న మీద ఒక్కదాని మీదే కొత్త స్వరం ఎత్తుకున్న గుర్తు నా గొంతుకి లేదు. ముప్ఫై ఏళ్ళ అలవాటు మరి.

లెసన్ సంగతి. హిమెజిలో ఒకావిడ, ప్రైమరీ స్కూల్లో సంగీతం చెప్పి రిటైరయ్యారు. కరావొకె గది అద్దెకి తీసుకుని అందులోనే నేర్పుతారు. కోబెలోని సన్నోమియ స్టేషన్ నుంచి ఎక్స్‌ప్రెస్ రైల్లో నలభై నిమిషాలు. పొద్దున పదకొండు గంటలకి గదులు చవక, పక్క గదుల గోల కూడా ఉండదు. మొదటి క్లాసుకి తమ్ముడు దుబాసీగా వచ్చాడు, రెండోదానికి ఫోనే దిక్కు.

సెన్సే (ఇక్కడ టీచర్ని అలా పిలుస్తారు) నన్ను ఒక్కసారి పాడమని, మైకు పక్కన పెట్టించి, చప్పట్లు కొట్టమన్నారు. అకతొంబొకి నేను నాలుగు కొట్టాను. ఆవిడ ఐదు వేళ్ళు చూపించారు. మళ్ళీ నాలుగే. అప్పుడు తలుపు తీసి మెట్ల దగ్గరికి తీసుకెళ్ళారు. ఇక్కడి పిల్లలకి ఒక మెట్లాట ఉంది. రాయి-కత్తెర-కాగితం వేస్తారు, రాయితో గెలిస్తే గు-రి-కొ అని మూడు మెట్లు, కత్తెరతో గెలిస్తే చి-యొ-కొ-రె-ఇ-తొ అని ఆరు. అదే పద్ధతిలో నాతో అ-క-తొ-మ్-బొ ఎక్కించారు. నాలుగో మెట్టు మీద మూతి మూసుకుని ఒక్క క్షణం నిలబడాలి. జ్యూసు గ్లాసుతో వస్తున్న కుర్రాడొకడు గోడకి అతుక్కుని నాకు దారిచ్చాడు. ఏడెనిమిదిసార్లు ఎక్కాక కాలికి అర్థమైంది. గొంతుకి కాలేదు.

అప్పుడు ఇంకో సంగతి పట్టుకున్నారు. మూతి మూసేటప్పుడు నేను పళ్ళు కూడా బిగించేస్తున్నానట. నోట్లో చాక్లెట్ బిళ్ళ ఉన్నట్టు లోపల ఖాళీ ఉంచి పెదాలు మాత్రం కలపమన్నారు. ముక్కు పక్కన వేలు పెట్టి చూస్తే అదురు తెలియాలి. అలా చేశాక శ్రుతి ఎక్కింది: 286, 290, ఒకసారి 293. ఆవిడ పాడింది కూడా రికార్డు చేసుకుని కొలిచాను: 'తొ' 0.52, 'మ్' 0.47. అరవై దాటిన మనిషి!

మరి గీత ఎందుకు నిండలేదు? నా అనుమానాలు మూడు. ఒకటి, సౌండు. పెదాలు కలిపేసరికి మైకుకి అందేది బాగా పడిపోతోంది, నా రికార్డింగులో 'తొ'కీ 'మ్'కీ 12 డెసిబెల్స్ తేడా. మెషిన్‌కి అసలు వినపడట్లేదేమో. మైకుని కొంచెం పైకెత్తి ముక్కు కిందికి తెస్తే తేడా 7కి తగ్గింది, కానీ ఊపిరి గాలి బుసబుసమని పడుతోంది. రెండు, ఎకో. గదిలో అడుగుపెట్టేసరికే ఎకో బోలెడు పెట్టి ఉంటుంది, 'తొ' ప్రతిధ్వని వచ్చి 'మ్' మీద పడి నా చెవే మోసపోతోంది. సగానికి తగ్గించాను, స్కోరు మారలేదు కానీ నాకు నేను వినపడ్డాను. మూడు, గమకం. రి మీద నిలబడమంటే నా గొంతు నిలబడదు, గ వైపు ఒకసారి తొంగిచూసి వస్తుంది. నాకే తెలియకుండా.

ఈ మూడోది ఎంత బలమైన అనుమానమో చెప్పాలి. డామ్ అనే రకం కరావొకె మెషిన్లో ఖచ్చితమైన స్కోరింగు పెట్టుకుంటే చివర్లో చిట్టా ఇస్తుంది. కిందినుంచి జారి స్వరం పట్టుకోవడాన్ని 'షకురి' అంటారు, స్వరాన్ని చటుక్కున మెలిపెట్టడాన్ని 'కొబుషి'. మొదటి రోజు నా లెక్క షకురి 31, కొబుషి 23. ఒక పిల్లల పాటలో! భావవ్యక్తీకరణకి మార్కులు బాగానే వేసింది, నిలకడలో చితక్కొట్టింది. సెన్సే "కిరెయ్, కిరెయ్" (అందంగా ఉంది) అని మెచ్చుకుంటూనే, అరచేతిని బల్ల మీద నున్నగా జరిపి చూపించారు, ఇలా ఉండాలని. మోహనంలో గ, ద ఊగకపోతే మా పాటల మాస్టారు బెత్తం తీసేవారు. ఇక్కడ ఊగితే మార్కులు పోతాయి. ఇవాళ్టికి షకురి 12, కొబుషి 6.

మెషిన్ల మాటొచ్చింది కాబట్టి: స్కోరుకి డామ్, పాటల కోసం జాయ్‌సౌండ్ అనే ఇంకో రకం, ఇదీ నా అభిప్రాయం. స్మ్యూల్ అనే పాటల యాప్‌లో పాడే మనవాళ్ళు ఒకసారి ఈ డామ్ చిట్టా చూడాలి, అక్కడ మనకి దొరికే మెచ్చుకోళ్ళన్నీ దిగిపోతాయి. నేను అక్కడ నాలుగేళ్ళు మహారాణిలా బతికాను. ఇంకోటి, కరావొకె పెట్టెని 1971లో తయారుచేసిన ఇనొఉఎ దైసుకె ఈ కోబె ఊళ్ళోనే బార్లలో వాయించేవాడు. ఒక కంపెనీ పెద్దమనిషి ఊరెళ్తూ తోడు వాయించడానికి రమ్మంటే, రాలేక వాయిద్యం టేపు మీద ఎక్కించి ఇచ్చాడట. పేటెంటు తీసుకోలేదు. 2004లో ఇగ్ నోబెల్ (నోబెల్‌కి నవ్వులాట జోడీ) శాంతి బహుమతి ఇచ్చారు. తమ్ముడితో సన్నోమియ సందుల్లో నడుస్తుంటే ఆయన మీద కోపం కూడా వచ్చింది, ఆ టేపు మార్కులు వేసేది కాదని తెలిసీ.

మిగతావన్నీ బాగానే ఉన్నాయి. పాట మొదట్లో వచ్చే 'యూ' దీర్ఘం రెండు స్వరాల మీద ఎక్కుతుంది, మొదటి రోజే వచ్చింది. రెండో చరణంలో ఇంకో సున్న ఉంది, ద అక్షరం ముందు కాబట్టి అది 'న్' అవుతుంది, ఎందుకోగానీ సులువుగా లొంగింది. నాలుగో చరణంలో 'త్త' ఒత్తుకి పాశ్చాత్యులు తంటాలు పడతారట, మనకి అత్తగారంత పరిచయం. రెండో వరుస అర్థం మాత్రం చాలా రోజులు తప్పుగా అనుకున్నాను. 'ఒవరెతె' అంటే తరమబడి అనుకున్నా, తూనీగ వెంట పడ్డారేమోనని. కాదట, వీపున ఎక్కి అని. ఎవరో ఉప్పుమూట ఎక్కించుకుని మోస్తుంటే పసివాడు ఆ భుజం మీదుగా చూసిన తూనీగ అది. మోసిన పిల్లకి మూడో చరణంలో పదిహేనేళ్ళకే పెళ్ళయిపోతుంది. ఇది తెలిశాక ఆ వరుస దగ్గర గమకం దానంతట అదే తగ్గింది.

ఇవాళ్టి ప్రయోగానికొస్తే, గది తీసుకుని పాట పెట్టకుండా ఆ ఒక్క ముక్కే పద్నాలుగుసార్లు పాడాను, ట్యూనర్ ఎదురుగా పెట్టుకుని. మూడుసార్లు 'మ్' 290 దాటి 0.4 సెకన్ల పైన నిలబడింది. ఉత్సాహంగా పాట పెడితే మొదటి చరణంలో ఖాళీ, నాలుగో చరణంలో గీత సగం నిండింది. సగం! ఏం తేడా చేశానో చచ్చినా గుర్తు రావట్లేదు. అప్పటికి అలిసిపోయి మైకు కిందికి జారింది, గొంతు కూడా మెత్తబడింది. అంటే మైకు ఎత్తడం తప్పా? లేక నేను 'తొ'నే మరీ గట్టిగా పాడుతున్నానా? రెండోదే అయ్యుంటుందని నా అనుమానం. 'తొ'ని తగ్గిస్తే 'మ్'తో తేడా ఎలాగూ తగ్గుతుంది కదా, ముక్కు దగ్గర మైకు పెట్టుకునే వేషాలు అక్కర్లేదు.

రేపు అదే చూస్తాను. కీ కూడా మూడు కాకుండా రెండే దించి చూడాలి, రి కొంచెం పైకెళ్తే ముక్కులో బాగా మోగుతుందేమో. పై స అందకపోతే అందకపోయింది.

ఆదివారం తత్సునొ వెళ్దామన్నాడు తమ్ముడు, రొఫు పుట్టిన ఊరు, హిమెజి నుంచి చిన్న రైల్లో ఇరవై నిమిషాలు. ఊరికి దిగేలోపు మెట్లు ఎక్కడ ఉంటే అక్కడ ఐదేసి ఎక్కుతానని ముందే చెప్పాను, దూరంగా నడుస్తానన్నాడు. దీని తర్వాత ఎన్‌క (జపాన్ వాళ్ళ పాతకాలపు బాణీ విషాద గీతాలు) ఒకటి పట్టుకోవాలి. ఆ పాటల్లో కొబుషి ఎంత పెడితే అంత మెచ్చుకుంటారట, నా 23 అక్కడ దాచిపెట్టుకుంటాను. సెన్సే మాత్రం ముందు ఇంకో పిల్లల పాట చెయ్యమంటున్నారు, ఒక్క కొబుషీ లేకుండా. మూడో క్లాసు బుధవారం పదకొండింటికి. చాక్లెట్ బిళ్ళలు కొనాలి.