సంగీతం కాలేజీలో కీరవాణి

మేము ఎస్వీ సంగీత నృత్య కళాశాలలో వయొలిన్ నేర్చుకునే రోజుల్లో కీరవాణి అంటే కర్ణాటక సంగీతంలో 21వ మేళకర్త రాగం, అంతే. 1991లో క్షణక్షణం పాటలు క్యాసెట్ షాపుల్లో మోగతా ఉంటే ఆ పేరుతో ఒక మ్యూజిక్ డైరెక్టర్ ఉన్నారని ఊరందరికీ ఎక్కింది. కొవ్వూరాయన, చక్రవర్తి గారి దగ్గర అసిస్టెంటుగా చేసి 1990లో మనసు మమతతో వచ్చినారు. తిరుపతిలో మనకి అరవ సినిమాలూ అలవాటే కదా, 1991లోనే అళగన్ పాటలు విని ఈ మరగతమణి ఎవరబ్బా అని మాట్లాడుకుంటా ఉంటే, ఇద్దరూ ఒకరేనని మద్రాసుకి పోయొచ్చే మా సీనియర్ అన్న చెప్పినాడు.

ఆ అన్న అక్కడ రికార్డింగులకి వాయించేవాడు. మనం కింద కూర్చుని, వయొలిన్ కొస మడమ మీద ఆనించి, సార్ పాడింది విని వాయిస్తాం. అక్కడ కుర్చీలో కూర్చుని గడ్డం కింద పెట్టుకోవాల, స్టాఫ్ నొటేషన్ (గీతల మీద రాసే పాశ్చాత్య స్వరలిపి) చూస్తా పదిమందితో కలిసి ఒకే బో (కమాను) పడాల. రీరికార్డింగ్, అంటే సీన్ల వెనక మ్యూజిక్ వాయించడం, అయితే ఇంకా కష్టమంట, తెర మీద సీను నడస్తా ఉంటాది, డైలాగు మొదలయ్యే ముందు మ్యూజిక్ తగ్గాల, కట్ దగ్గర ఆగాల, గమకం (స్వరాన్ని ఊపి పలికించడం) బాగా పలికింది కదా అని ఇంకొంచెం లాగినామంటే టేక్ పోయినట్టే.

నన్నడిగితే మ్యూజిక్ డైరెక్టర్‌కి అసలు పరీక్ష అదే, పాటకొచ్చే పేరు దానికి రాదు. 2009 నేషనల్ అవార్డుల్లో ఇళయరాజా గారికి మలయాళం సినిమా పళశిరాజా బ్యాక్‌గ్రౌండ్ స్కోరుకి విడిగా అవార్డు ఇచ్చినప్పుడు నాకు ఎంత సంతోషమైందో.

1997లో కీరవాణి గారి మ్యూజిక్‌తో వచ్చిన అన్నమయ్య సినిమాకి మా బ్యాచంతా కొంచెం భయంగానే పోయినాం. ఈ ఊర్లో పొద్దున లేస్తే ఆయన కీర్తనలే కదా. ఆ కీర్తనలు చెక్కిన రాగిరేకుల్లో రాగం పేరుంది గానీ స్వరం లేదు, రాళ్లపల్లి అనంతకృష్ణశర్మ గారు, నేదునూరి కృష్ణమూర్తి గారు, గరిమెళ్ల బాలకృష్ణప్రసాద్ గారు లాంటి పెద్దలు కట్టిన బాణీలే మన చెవుల్లో నిలిచిపోయినాయి, వాటి పక్కన సినిమా మ్యూజిక్ నిలబడతాదా అని మా అనుమానం. నిలబడింది. ఎంత ఆర్కెస్ట్రా ఉన్నా సాహిత్యం ఒక్క అక్షరం మునిగిపోలేదు. ఆ ఏడాది నేషనల్ అవార్డు కీరవాణి గారికే. నేను మళ్లీ పోయి ఈసారి పాటలొదిలేసి వెనక మ్యూజిక్ మాత్రమే విన్నా, ఆ అలవాటు బాహుబలి దాకా పోలేదు. 2023 ఆస్కార్ సంగతి అందరికీ తెలిసిందే, నాకైతే ఆర్ఆర్ఆర్‌లో మాటల్లేని చోట్ల ఆయన చేసిన పని ఇంకా ఎక్కువిష్టం.

కాలేజీ పెద్దలకి ఒక మనవి. వయొలిన్, వేణువు పిల్లలకి స్టాఫ్ నొటేషన్ చదవడం, క్లిక్ (చెవిలో వినిపించే తాళం టిక్కులు) వింటా వాయించడం వారానికి ఒక క్లాసైనా పెట్టండి సార్. కచేరీ మానేయమని కాదు, అందరికీ కచేరీలు దొరకవు కదా. ఖర్చు మా బ్యాచ్ వాళ్లం తలా కొంత వేసుకుంటాం.