రిజెక్ట్ అని చూపించిన రోజే కదలండి

తిరుపతి బాలాజీ కాలనీలో నాది నెట్ సెంటర్. యూనివర్సిటీ పిల్లలు, స్టడీ హాళ్లలో కూర్చుని చదివేవాళ్లు, పుత్తూరు నుంచీ పాకాల నుంచీ బస్సెక్కి వచ్చేవాళ్లు... ప్రభుత్వ ఉద్యోగాల నోటిఫికేషన్ పడితే దరఖాస్తులు నింపించుకోవడానికి రాత్రి దాకా కుర్చీ ఖాళీ ఉండదు. ఫీజు కట్టి, ప్రింటు తీసుకుని సంతోషంగా వెళ్తారు. కొన్ని నెలలకు వాళ్లలోనే ఎవరో ఒకరు ఫోన్ చేతిలో పట్టుకుని వస్తారు. "అన్నా, రిజెక్ట్ అని చూపిస్తోంది."

కారణం ఒక్క లైనులో ఉంటుంది. ఫోటో సరిగా లేదు, సంతకం ఇంగ్లిష్ క్యాపిటల్ అక్షరాల్లో ఉంది, పుట్టిన తేదీ టెన్త్ మెమోతో కలవలేదు. ఈమధ్య పాకాల వైపు పల్లె నుంచి వచ్చిన ఒకమ్మాయికి కేంద్ర ఉద్యోగం దరఖాస్తులో సంతకం చెల్లదన్నారు. ఆ ఫైల్ తెరిచి పెద్దది చేసి చూశాను. తెల్ల కాగితం మీద నల్ల ఇంకుతో కలిపి రాసిన సంతకం, కింద గీసిన గీతతో సహా స్పష్టంగా ఉంది. అదే ఫైల్‌తో ఇంకో పరీక్షకు హాల్ టికెట్ కూడా వచ్చింది. "నాన్నకు ఎట్లా చెప్పేదన్నా" అనింది ఆ పిల్ల.

చాలామంది తలరాత అనుకుని తర్వాతి నోటిఫికేషన్ కోసం చూస్తారు. వయసు దాటిపోయేవాళ్లకు ఆ తర్వాతిది ఉండదు కదా! కోర్టుకెళ్తే బ్లాక్‌లిస్టులో పెడతారని భయపెట్టేవాళ్లూ ఉన్నారు, వాళ్ల మాట వినొద్దు.

2024 జనవరి 2న సుప్రీంకోర్టు ఇచ్చిన తీర్పు ఒకటి ప్రతి అభ్యర్థికీ తెలియాలి. బీహార్‌లో కానిస్టేబుల్ పోస్టుకు నెట్ సెంటర్లో నింపించిన దరఖాస్తు అది. పుట్టిన తేదీ డిసెంబరు 18కి బదులు 8 అని పడింది. రాతపరీక్ష, దేహదారుఢ్య పరీక్ష నెగ్గాక ఈ ఒక్క అంకె పట్టుకుని అతన్ని పక్కన పెట్టారు. హైకోర్టులోనూ ఓడిపోయాడు. ఆ పొరపాటు వల్ల అతనికి ఒరిగిన లాభమేమీ లేదని, ఇంత చిన్నదానికి ఉద్యోగం ఇవ్వకపోవడం తగదని సుప్రీంకోర్టు అతని పక్షాన నిలిచింది.

అలాగని అన్నిటికీ ఇదే తీర్పు పనికిరాదు. గడువు తేదీకి సరైన ఈడబ్ల్యూఎస్ (ఆర్థికంగా వెనకబడినవాళ్ల కోటా) సర్టిఫికెట్ లేని సివిల్స్ అభ్యర్థుల వాదనను 2023లో అదే సుప్రీంకోర్టు ఒప్పుకోలేదు. టైపింగ్ పొరపాటు వేరు, గడువు నాటికి అర్హత కాగితమే లేకపోవడం వేరు. మీది ఏదో ముందు తేల్చుకోండి.

ఎక్కడికి వెళ్లాలన్నది ఇంకో చిక్కు. మన రాష్ట్ర ఉద్యోగాలైతే అమరావతిలోని హైకోర్టులో రాజ్యాంగం 226 అధికరణ కింద రిట్, అంటే ప్రభుత్వ నిర్ణయాన్ని సవాలు చేసే పిటిషన్ వేయాలి. రైల్వే లాంటి కేంద్ర ఉద్యోగాలైతే ముందు కేంద్ర పరిపాలనా ట్రిబ్యునల్‌కు, అంటే క్యాట్ హైదరాబాద్ బెంచ్‌కు వెళ్లాలి. క్యాట్‌కు ఏడాది గడువుందని నిదానంగా ఉంటే మాత్రం పరీక్ష అయిపోతుంది. పరీక్షకు ముందే వెళ్తే, కేసు తేలేదాకా తాత్కాలికంగా రాయనివ్వమని మధ్యంతర ఉత్తర్వు అడగొచ్చు. అది వచ్చినంత మాత్రాన ఉద్యోగం వచ్చినట్టు కాదు, తుది తీర్పుకు కట్టుబడాల్సిందే. అయినా పరీక్ష హాల్లోకి అడుగు పెట్టడమే అప్పటికి ముఖ్యం.

ఆ సంతకం అమ్మాయి వచ్చిన రోజే పరీక్ష పెట్టే బోర్డుకు మెయిల్ పెట్టించాను. రిజెక్ట్ అని చూపించే పేజీ స్క్రీన్‌షాట్, ఫీజు రసీదు, దరఖాస్తు ప్రింటు, నోటిఫికేషన్ పీడీఎఫ్, అప్‌లోడ్ చేసిన అసలు సంతకం ఫైల్ ఒక పెన్‌డ్రైవ్‌లో వేసిచ్చాను. జవాబు రాలేదు. వాళ్ల మేనమామ తోడు రాగా లాయర్‌ను పెట్టుకుని క్యాట్‌కు వెళ్లింది, పరీక్ష రాయనిచ్చారు. కేసు ఇంకా నడుస్తోంది.

నన్నడిగితే ఇంత దూరం రానివ్వకూడదు. 2019 నాటి రైల్వే లెవెల్-1 (గ్రూప్-డి) నోటిఫికేషన్‌లో ఫోటో, సంతకం కారణంగా లక్షల దరఖాస్తులు పోతే, చివరికి 2021 డిసెంబరులో మళ్లీ అప్‌లోడ్ చేసుకునే లింక్ ఇచ్చారు. అంత ఆలస్యంగా ఇవ్వగలిగింది మొదట్లోనే ఇవ్వొచ్చు. ప్రతి బోర్డూ రిజెక్ట్ చేసే ముందు ఒక మెసేజ్ పంపి, సరిదిద్దుకోవడానికి వారం గడువివ్వాలి.

లాయర్ ఫీజుకు డబ్బుల్లేవని ఆగిపోకండి. 1987 నాటి న్యాయ సేవల చట్టం ప్రకారం ఆడవాళ్లకు, ఎస్సీ, ఎస్టీలకు, వికలాంగులకు ఆదాయంతో సంబంధం లేకుండా ఉచిత న్యాయ సహాయం ఉంది. మిగతావాళ్లకు ఆదాయ పరిమితి ఉంటుంది. హైకోర్టు కేసులకు అక్కడే న్యాయ సేవల కమిటీ ఉంది. చిత్తూరులో జిల్లా న్యాయ సేవాధికార సంస్థకు దరఖాస్తు ఇచ్చినా దారి చూపిస్తారు. పైన చెప్పిన కాగితాలన్నీ తీసుకుని వెళ్లండి.