పువ్వు అంచున మెట్లు

మా నాన్న ధర్మవరంలో పట్టుచీరల డిజైన్లకు జకార్డు అట్టలు, అంటే ఏ పోగు ఎత్తాలో మగ్గానికి చెప్పే చిల్లుల అట్టలు, కొట్టేవాడు. నేను అదే పని కంప్యూటర్ మీద చేస్తాను. లండన్‌లో అక్క ఇంటికి వెళ్ళగానే "ముందు స్పిటల్‌ఫీల్డ్స్ వెళ్దాం" అన్నాను. ఒకప్పుడు పట్టునేతకు పేరుపడ్డ పేట అది. "అక్కడేముందే, అంతా ఖరీదు!" అంటూనే బయల్దేరింది.

లివర్‌పూల్ స్ట్రీట్ స్టేషన్ నుంచి కాస్త నడిస్తే ప్రిన్స్‌లెట్ వీధి. రెండో నంబరు ఇంటి గోడకు గుండ్రటి నీలం బిళ్ళ ఉంది: ఆనా మరియా గార్త్‌వైట్, పట్టుబట్టల డిజైనర్, ఇక్కడే ఉండి పనిచేసింది. లోపలికి వెళ్ళే వీల్లేదు. ఎదురుగా నిలబడి, ఆ చుట్టుపక్కల ఇళ్ళ పై అంతస్తుల్లో నేతగాళ్ళ వెలుతురు కోసం పెట్టిన వెడల్పాటి కిటికీలు చూస్తూ ఉండిపోయాను.

ఆమె 1728లో, నలభయ్యో పడిలో, భర్త పోయిన తోబుట్టువుతో కలిసి ఈ పేటకు వచ్చింది. పెళ్ళి చేసుకోలేదు. దాదాపు ముప్ఫై ఏళ్ళు, ఏడాదికి ఎనభై దాకా డిజైన్లు వేసి నేతగాళ్ళకు, వర్తకులకు అమ్మింది. బట్ట మీద డిజైనర్ పేరుండదు కదా, 1763లో పోయాక జనం ఆమెను మరిచిపోయారు. అయితే కాగితాల మీద తేదీ, కొన్నవాళ్ళ పేరు రాసుకునే అలవాటు ఆమెకుంది. లండన్‌లోని వీ అండ్ ఏ (విక్టోరియా అండ్ ఆల్బర్ట్) మ్యూజియంలో ఆ డిజైన్లు 800కు పైగా మిగిలాయి. అక్కడ క్యురేటర్‌గా పనిచేసిన నటాలీ రోత్‌స్టైన్ ఆ రాతల ఆధారంగానే కొన్ని డిజైన్లు ఏ బట్టలయ్యాయో వెతికి పట్టుకుంది.

ఒక్క మాట మాత్రం గొంతులో అడ్డుపడింది. అంతకుముందు ఈ వీధుల్లోనే నేతగాళ్ళు మన కోరమాండల్ తీరపు తరహా అద్దకం నూలుబట్టలు కట్టుకున్న ఆడవాళ్ళ మీదపడి బట్టలు చింపారు. 1721లో చట్టమే వచ్చింది, ఆ గుడ్డ ఒంటిమీద వేసుకోకూడదని. మచిలీపట్నం వాళ్ళ నోటికాడి కూడు తీసేశాకే ఈ పేట ఇంత వెలిగింది. ఆమె పువ్వులంటే నాకిష్టమే, అయినా ఇది మరిచిపోలేను.

ఊరి నుంచి బయల్దేరేముందు ఆమె నీటిరంగుల బొమ్మ ఒకటి మ్యూజియం సైట్ నుంచి దించుకుని, అంచులన్నీ నున్నగా దిద్ది, చీరకు సరిపడా డిజైన్ చేశాను. గర్వంగా చూపిస్తే నాన్న అన్నాడు: "బొమ్మ బాగుందమ్మా. గళ్ళేవీ?" నేతకు బొమ్మను గళ్ళ కాగితం మీదికి ఎక్కించాలి; ఒక్కో గడి పోగుల లెక్క చెబుతుంది.

సమాధానం స్ట్రాట్‌ఫర్డ్ దగ్గర మ్యూజియం వాళ్ళ స్టోర్‌హౌస్‌లో దొరికింది. రెండు వారాల ముందే బుక్ చేసుకుంటే ఐదు వస్తువుల దాకా తీసి చూపిస్తారు, డబ్బులేం కట్టక్కర్లేదు. బల్ల మీద ఆమె డిజైన్‌తో నేసిన పట్టుగుడ్డ పరిచారు. దూరం నుంచి రేకు నీడ కుంచెతో వేసినట్టే ఉంది. ముక్కు ఆనేంత దగ్గరికి వంగితే తెలిసింది, రెండు రంగుల పేక, అంటే అడ్డం పోగులు, ఒకదానిలోకొకటి రంపపు పళ్ళలా చొచ్చుకుపోయింది. 1730లలో లియాన్‌లో పుట్టిన పద్ధతి అది. బొమ్మను గళ్ళ కాగితం మీదికి ఎక్కించినవాడు, పడుగు పోగులు ఎత్తడానికి తాళ్ళు లాగిన కుర్రాడు, నేసినవాడు అందరూ ఆ పళ్ళలోనే ఉన్నారు. నేను నున్నగా దిద్దుతూ చెరిపేసింది వాళ్ళనే.

ఫొటో పంపితే నాన్న వెంటనే ఫోన్ చేశాడు. "ఇదీ! పేక ఎన్ని రంగులు?" లెక్కపెట్టలేదన్నాను. "మరి ఎందుకు పోయినావు అంత దూరం?"

మర్నాడు బకింగ్‌హామ్ ప్యాలెస్ ప్రోగ్రాం అక్కకు వదిలేసి, ల్యాప్‌టాప్ తెరిచి మొదటి గడి నుంచి మొదలుపెట్టాను. సాయంత్రానికి రేకున్నర అయింది.