లైట్ వెలుగుతది, కంట్రోలర్ మాత్రం దొరకదు

ఈ దసరాకు మా అక్క కొడుకు జమ్మికుంటకెళ్లి వచ్చిండు. తొమ్మిదో తరగతి పోరడు. దసరా నాడు పెద్దోళ్ల చేతుల జమ్మి ఆకు పెట్టి కాళ్లు మొక్కితే తలా వంద, రెండొందలు ఇస్తరు కదా, వాడు మూడేండ్ల సంది ఆ పైసలు ముట్టకుండ దాచిండు, ఈసారివి కూడ కలిపి హన్మకొండల ఒక సెకండ్ హ్యాండ్ షాపుల పీఎస్ ఫోర్ కంట్రోలర్ కొనుక్కున్నడు, అంటే సోనీ ప్లేస్టేషన్ 4 గేమ్ మిషన్‌కు వచ్చే, రెండు చేతుల పట్టుకోని ఆడే ప్యాడ్. నల్లది, ఎడమ స్టిక్ మీద రబ్బరు జర అరిగింది గాని మంచిగనే ఉన్నది. వైరు ఇయ్యలేదు, చార్జింగ్ వైరు ఇంట్ల ఏదున్నా పడతది అన్నరట.

రాత్రి తొమ్మిదింటికి నా పీసీకి పెట్టిండు. ముందటి లైటు నారింజ రంగుల మెల్లగ వెలుగుతాంది, ఆరుతాంది. గేమ్ తెరిస్తే ఏం లేదు. నడుమ బటన్ ఒత్తితే కొద్దిసేపు మెరిసి ఆరిపోతాంది. "మామా, లైటు వస్తాంది గాని గేమ్‌ల వస్తలేదు" అన్నడు. వైరు పీకి పెట్టిండు, ఊది పెట్టిండు, పీసీ బంద్ చేసి మళ్ల పెట్టిండు, అదే లెక్క. మా బావ సోఫాల కూసోని "సెకండ్ హ్యాండ్ అంటే గంతేరా, పొద్దుగాల తీస్కపోయి వాపస్ ఇచ్చి రా" అన్నడు. వాడు ఏం మాట్లాడలేదు, కంట్రోలర్ ఒళ్లె పెట్టుకోని లైటు దిక్కే చూస్తాండు. మూడు దసరాల పైసలు అవి. నాకు పానం ఒప్పలేదు, ఇద్దరం కింద కూసోని మొదటి సంది చూసుడు షురూ చేసినం, అది రాత్రి ఒంటిగంట దాక నడిచింది. గా రాత్రి వాడికి చెప్పిందంతా ఇక్కడ రాస్తాన, ఎందుకంటే ఈ ఒక్క ముచ్చటకు మంచి కంట్రోలర్లు వాపస్ పోతయి, మూలకు పడతయి, కొత్తయి కొంటరు, నాకది మస్తు బాధ అనిపిస్తది.

"డిటెక్ట్ అయితలేదు" అని అందరం ఒక్క మాటనే అంటం గాని దాంట్ల మూడు వేరే వేరే సంగతులున్నయి. కంట్రోలర్ మాట వైరు దాటి పీసీ దాక వస్తాందా, వచ్చినంక విండోస్ దాన్ని గుర్తు పడుతుందా, విండోస్ గుర్తు పట్టినంక గేమ్ దాన్ని ఒప్పుకుంటుందా. ఏది తెగిందో చూడకుండ నెట్‌ల డ్రైవర్లు వెతికి ఏదో సైటుకెళ్లి డౌన్‌లోడ్ చేస్తే కంట్రోలర్ ఏమో గాని పీసీ ఖరాబైతది. గవి ఎప్పుడూ ఎక్కియ్యకుండ్రి.

మొదటిది తెలుసుకునుడు అల్కగనే ఉంటది. స్పీకర్ సౌండ్ పెంచి వైరు పెట్టాలె. విండోస్ ఏదన్న కొత్తది చూసిందంటే టుడుంగ్ అని చప్పుడు చేస్తది. మాకు ఆ చప్పుడే రాలేదు. అంటే విండోస్‌కు ఏదో పెట్టిన్రు అన్న సంగతే తెల్వదు, ఇగ గేమ్ సెట్టింగులల్ల ఎంతసేపు తిరిగినా లాభం లేదు.

"మరి లైటు ఎట్ల వస్తాంది మామా?" అని అడిగిండు, మంచి ప్రశ్న. లైటుకు కరెంటు చాలు. యూఎస్‌బీ వైరు లోపట మామూలుగ నాలుగు తీగలుంటయి, ఎర్రది 5 వోల్టుల కరెంటు, నల్లది గ్రౌండ్, పచ్చది తెల్లది రెండు కలిసి మాటలు మోస్తయి. చార్జింగ్ కోసమే చేసిన సస్త వైర్లల్ల ఈ పచ్చది తెల్లది పెట్టనే పెట్టరు. వాడు తెచ్చిన వైరు పాత పవర్ బ్యాంకుతోని వచ్చింది. అదే కొలతది ఇంకొకటి పాత ఫోన్‌ది మా అమ్మ కుట్టుమిషన్ డబ్బాల దొరికింది, అది పెట్టంగనే టుడుంగ్ అన్నది. వాడి మొఖం చూడాలె అప్పుడు.

నేను ఆడితోని ఆపలేదు. ఆ పవర్ బ్యాంకు వైరు ఎట్లాగూ పనికి రాదు గదా అని పీసీ కెళ్లి పీకి, బ్లేడుతోని నడుమ పొట్టు తీసిన. పైన నల్ల రబ్బరు మందంగ ఉన్నది, లోపట తెల్ల దారం పోగులు, ఆ పోగుల నడుమ వెంట్రుకంత సన్నయి రెండే తీగలు, ఎర్రది ఒకటి నల్లది ఒకటి. వాడు గోటితోని పోగులన్ని పక్కకు జరిపి జరిపి చూసిండు, పచ్చది తెల్లది యాడన్న దాసుకున్నయా అని. లేవు. "పైకి ఇంత లావు ఉన్నది మామా" అన్నడు. అవును, లావు చూసి ఏం చెప్పలేం. మీరైతే కోసుడు అవసరం లేదు, ఆ వైరుతోని ఒక ఫోన్‌ను పీసీకి పెట్టండి, ఫోన్‌ల ఫైల్ ట్రాన్స్‌ఫర్ అని అడిగితే ఆ వైరు మంచిది, ఒట్టి చార్జింగ్ ఎక్కి ఊకుంటే దాన్ని కంట్రోలర్‌కు వాడకుండ్రి.

వైరు మంచిదైనా చప్పుడు రాకుంటే పోర్టు మార్చాలె. డెస్క్‌టాప్ ముందటి పోర్టులు లోపట ఒక సన్న కేబుల్ మీద మదర్‌బోర్డు దాక పోతయి, అది వదులైతది, మన తాన దుమ్ము కూడ ఎక్కువ, ఎండాకాలమైతే చెప్పనే అక్కర లేదు. వెనక పోర్టులు బోర్డుకే అతికి ఉంటయి, టెస్ట్ చేసేటప్పుడు వెనకనే పెట్టండి, ఒక పోర్టును నాలుగు చేసే హబ్ నడుమ పెట్టకుండ్రి. నా పాత వైరు గేమ్‌ప్యాడ్ ఒకటి ముందటి పోర్టుల పెడితే, పీసీకి పెట్టినవన్ని లిస్టు చూపించే డివైస్ మేనేజర్‌ల పసుపు గుర్తుతోని అన్‌నోన్ యూఎస్‌బీ డివైస్, డిస్క్రిప్టర్ రిక్వెస్ట్ ఫెయిల్డ్ అని వచ్చేది, కోడ్ 43. అంటే పీసీ "నువ్వెవరు?" అని అడిగింది, ప్యాడ్ చెప్పిన జవాబు సక్కగ అందలేదు అన్నట్టు. వెనక పోర్టుకు మారిస్తే పోయింది, మళ్ల రాలేదు.

ఇగ రెండోది. విండోస్‌కు తెలిసిందా లేదా చూసే జాగ ఒకటి పాతకాలం సంది ఉన్నది. కీబోర్డు మీద విండోస్ బటన్, ఆర్ కలిపి ఒత్తితే చిన్న రన్ డబ్బా వస్తది, దాంట్ల ఇంగ్లీషుల జే, ఓ, వై, చుక్క, సీ, పీ, ఎల్ అని గ్యాప్ లేకుండ కొట్టి ఎంటర్ ఒత్తాలె. గేమ్ కంట్రోలర్స్ అని లిస్టు తెరుచుకుంటది. మావోనిది అక్కడ వైర్‌లెస్ కంట్రోలర్ అని కనపడ్డది, వైరుతోని పెట్టినా పేరు గట్లనే ఉంటది, కంగారు పడొద్దు. ప్రాపర్టీస్‌లకు పోయి ఒక్కో బటన్ ఒత్తితే ఎర్ర గుండ్రాలు వెలుగుతయి, స్టిక్ తిప్పితే ప్లస్ గుర్తు తిరుగుతది. వాడు పద్నాలుగు బటన్లు ఒక్కొక్కటి ఒత్తి చూసిండు, అన్ని వెలిగినయి. ఇక్కడ వెలిగిందంటే కంట్రోలర్ మంచిదే, షాపుకు పోయే పని లేదు. మైక్రోసాఫ్ట్ వాళ్ల ఎక్స్‌బాక్స్ ప్యాడ్ ఉన్నోళ్లకు ఒక మాట, ఈ విండోల ప్యాడ్ వెనకున్న రెండు ట్రిగ్గర్లు, అంటే వేలితోని గుంజే బటన్లు, ఒకటే గీత మీద కనపడతయి, ఒకటి ఒత్తితే ఇటు ఇంకొకటి ఒత్తితే అటు, అది ఖరాబు కాదు, పాత పద్ధతి అట్ల చూపిస్తది, గేమ్‌ల వేరే వేరేగనే పని చేస్తయి.

గదే టైముకు ఇంకో ఆగం అయింది, పీసీల సౌండ్ పోయింది. ఇది చానా మందికి తెల్వదు. ఈ కంట్రోలర్‌ల హెడ్‌ఫోన్ పెట్టే బొక్క ఉన్నది గదా, అందుకని వైరుతోని పెట్టంగనే విండోస్ దాన్ని స్పీకర్ కింద కూడ లెక్క వేసి సౌండ్ అటు పంపుతది. కింద మూలకు స్పీకర్ బొమ్మ మీద నొక్కి మన స్పీకర్‌ను మళ్ల ఎంచుకుంటే అయిపోతది.

అన్ని గుండ్రాలు వెలుగుతున్నయి, గేమ్‌ల మాత్రం ఇంకా ఏం లేదు. రాత్రి పదకొండు అయింది, వాడికి మళ్ల భయం షురూ అయింది. ఇది మూడో సంగతి, నాకైతే అన్నిట్ల ఇదే ముఖ్యం అనిపిస్తది. విండోస్‌ల కంట్రోలర్ మాటను గేమ్‌కు చేరవేసే తోవలు ప్రధానంగ రెండున్నయి. పాతది డైరెక్ట్ ఇన్‌పుట్, ఏ కంపెనీ జాయ్‌స్టిక్ అయినా, స్టీరింగ్ అయినా దాంట్లకెళ్లి పోతది, కాని ఏ నంబరు బటన్ ఏ పని చేస్తదో దాంట్ల రాసి ఉండదు, గేమ్‌ల మనమే పెట్టుకోవాలె. 2005ల ఎక్స్‌బాక్స్ 360తోని ఎక్స్ఇన్‌పుట్ వచ్చింది, దాంట్ల బటన్లన్ని ముందే ఫిక్స్, ఏ అంటే ఏ, బీ అంటే బీ, ఒక్కసారి నాలుగు కంట్రోలర్ల దాక. గేమ్ చేసేటోళ్లకు ఇది అల్కగ ఉన్నది కాబట్టి ఆ తర్వాత వచ్చిన చానా పీసీ గేమ్‌లు ఎక్స్ఇన్‌పుట్ మాటనే వింటయి. పీఎస్ ఫోర్ కంట్రోలర్ దానంతట అది ఆ భాష మాట్లాడదు. అంటే ఇద్దరూ మంచోళ్లే, నడుమ దుబాసి లేడు.

ఆ దుబాసి పని స్టీమ్ చేస్తది, పీసీల గేమ్‌లు కొని ఆడే ప్రోగ్రాం అది. పీఎస్ ఫోర్ కంట్రోలర్‌కు ఈ సౌలత్ 2016 ఆఖర్ల వచ్చింది. స్టీమ్ సెట్టింగ్స్‌ల కంట్రోలర్ అని ఉన్నకాడ ప్లేస్టేషన్ కంట్రోలర్లకు స్టీమ్ ఇన్‌పుట్ ఆన్ చెయ్యాలె, తర్వాత గేమ్ మీద రైట్ క్లిక్ కొట్టి ప్రాపర్టీస్‌ల కూడ ఆన్ ఉన్నదా చూడాలె. గేమ్ స్టీమ్‌ల కొన్నది కాకున్నా నాన్ స్టీమ్ గేమ్ అని యాడ్ చేసుకోని దాంట్లకెళ్లే తెరవచ్చు. స్టీమ్ వద్దనుకుంటే డీఎస్ ఫోర్ విండోస్ అని ఉచిత ప్రోగ్రాం ఉన్నది, అది కూడ ఎక్స్‌బాక్స్ ప్యాడ్ లెక్క చూపిస్తది. రెండు మాత్రం ఒక్కసారి నడపకుండ్రి. మేము ఆ రాత్రి రెండు ఆన్ చేసి పెట్టినం, మెనూల ఒకసారి కిందికి ఒత్తితే రెండు గీతలు దుంకుతాంది, ఎందుకంటే ఒక్క ఒత్తుడు గేమ్‌కు రెండు కంట్రోలర్ల కెళ్లి వచ్చినట్టు పోతాంది. డీఎస్ ఫోర్ విండోస్ బంద్ చేసి, గేమ్ కూడ పూర్తిగ మూసి మళ్ల తెరిసినం, కొన్ని గేమ్‌లు మొదలయ్యేటప్పుడే కంట్రోలర్ ఉన్నదా అని చూస్తయి, నడుమ పెడితే పట్టించుకోవు. ఈసారి వచ్చింది. పన్నెండున్నరకు మా బావ నిద్రలకెళ్లి లేచి వచ్చి "ఏందిరా, అయిందా?" అన్నడు, వాడు తల తిప్పకుండనే "అయింది బాపు" అన్నడు.

మామూలు యూఎస్‌బీ గేమ్‌ప్యాడ్లు వాడేటోళ్లు వెనక ఎక్స్, డీ అని చిన్న స్విచ్ ఉన్నదా చూడండి, ఎక్స్ అంటే ఎక్స్ఇన్‌పుట్, డీ అంటే డైరెక్ట్ ఇన్‌పుట్, ఎక్స్ దిక్కు పెట్టండి. స్విచ్ లేకుంటే నడుమ హోమ్ బటనో మోడ్ బటనో కొన్ని సెకండ్లు ఒత్తి పడితే మారుతది, ఏ బటన్ అనేది డబ్బాల కాయితం మీద రాసి ఉంటది, ఆ కాయితం పారేయకుండ్రి.

ఆడుతాంటే నడుమ కట్ అయి మళ్ల వస్తాందంటే కరెంటు పొదుపు సెట్టింగ్ చూడాలె, ల్యాప్‌టాప్‌లల్ల ఇది ఎక్కువ. డివైస్ మేనేజర్‌ల యూఎస్‌బీ రూట్ హబ్, పవర్ మేనేజ్‌మెంట్, పొదుపు కోసం ఈ డివైస్ ఆపొచ్చు అన్నకాడ టిక్ తీసేయాలె. ఇంకోటి, విండోస్‌ల ఫాస్ట్ స్టార్టప్ ఆన్ ఉంటే షట్‌డౌన్ కొడితే పూర్తిగ బంద్ కాదు, లోపటి సంగతి కొంత దాచిపెట్టి మళ్ల అదే తెస్తది. అందుకే రీస్టార్ట్ కొట్టాలె.

వైర్‌లెస్ డాంగిల్ (ప్యాడ్‌తోని వైరు లేకుండ మాట్లాడేతందుకు పీసీకి పెట్టే చిన్న యూఎస్‌బీ ముక్క) ఉన్న ప్యాడ్ల గురించి కాజీపేట దోస్తు దగ్గర చూసింది చెప్పాలె. వాని ప్యాడ్ మూడు ఫీట్ల దూరంల కూసున్నా కట్ అయ్యేది, బ్యాటరీలు మార్చిండు, ప్యాడే మార్చుదాం అనుకున్నడు. చూస్తే డాంగిల్ పక్క పోర్టుల్నే నీలం రంగు యూఎస్‌బీ త్రీ హార్డ్ డిస్కు ఉన్నది. యూఎస్‌బీ త్రీ నడిచేటప్పుడు 2.4 గిగాహెర్ట్జ్ దగ్గర రేడియో రొద చేస్తదని ఇంటెల్ వాళ్లే 2012ల పేపర్ రాసిన్రు, మన డాంగిల్ మాట్లాడేది కూడ అక్కడనే. ఒక ఎక్స్‌టెన్షన్ వైరు వేసి డాంగిల్‌ను టేబుల్ మీదికి తెచ్చినం, అంతే, కట్ అవుడు ఆగింది.

సెకండ్ హ్యాండ్ ఎక్స్‌బాక్స్ ప్యాడ్ కొనేటోళ్లు బ్లూటూత్ ఉన్నదా అని ముందే చూసుకోవాలె. 2013ల వచ్చిన మొదటి ఎక్స్‌బాక్స్ వన్ ప్యాడ్లకు లేదు, 2016ల ఎక్స్‌బాక్స్ వన్ ఎస్‌తోని వచ్చిన వాటి సంది ఉన్నది. గుర్తు ఏందంటే నడుమ గుండ్రటి ఎక్స్‌బాక్స్ బటన్ చుట్టూ ఉన్న ప్లాస్టిక్ ముందటి మొఖంతోని ఒక్కటే ముక్కగ ఉంటే బ్లూటూత్ ఉన్నట్టు, పైన బంపర్ల (ట్రిగ్గర్ల మీదుండే బటన్ల) ప్లాస్టిక్ కిందికి దిగి ఆ బటన్ చుట్టూ ఉంటే లేనట్టు. లేని దాన్ని పీసీల ఎంత వెతికినా దొరకదు, వైరన్న పెట్టాలె, దాని అడాప్టర్ అన్న కొనాలె.

పండుగ అయినంక వాడు కాజీపేటల రైలెక్కి పోయిండు, పాత ఫోన్ వైరుకు మా అమ్మ ఎర్ర దారం కట్టి ఇచ్చింది, వేరే వాటిల కలవకుండ. పదిరోజులకు ఫోన్ చేసి "మామా, మళ్ల వస్తలేదు" అన్నడు. వాళ్లింట్ల ల్యాప్‌టాప్‌కు బ్లూటూత్ మీద పెట్టుకున్నడు, నిన్నటి దాక మంచిగ నడిచిందట. నిన్న ఎక్కడికన్న తీస్కపోయినవా అని అడిగితే దోస్తు ఇంట్ల పీఎస్ ఫోర్‌ల ఆడినం అన్నడు. ఈ కంట్రోలర్ ఒక్కసారి ఒక్కదాన్నే యాదికి పెట్టుకుంటది, అక్కడ జత అయింది కాబట్టి ల్యాప్‌టాప్‌ను మర్చిపోయింది. ల్యాప్‌టాప్‌ల పాత పేరు రిమూవ్ కొట్టమన్న, తర్వాత షేర్ బటన్, నడుమ పీఎస్ బటన్ రెండు కలిపి ఒత్తి పట్టి లైటు టకటక మిణికే దాక వదలొద్దని చెప్పిన. ఫోన్ పక్కకు పెట్టినట్టున్నడు, కొద్దిసేపు ఏం వినపడలేదు, ఆ తర్వాత దూరంకెళ్లి టుడుంగ్ అన్నది.